అరుదైన మాటకు అర్థం ఒక్కటే చాలదు

సంపాదకుల గారికి, నమస్కారం.

మీ ఆదివారం సంచికలో అరుదైన తెలుగు మాటలకు అర్థాలిచ్చే శీర్షిక చదువుతున్నాం. ఉత్తరాంధ్ర మాటలకూ అందులో చోటు దక్కుతున్నందుకు సంతోషం. ఇస్తున్న తీరులో మాత్రం పెద్ద లోటు ఉంది. మాట, పక్కన గీత, ఆ పక్కన ఒక్క పదంలో అర్థం, అంతే. ‘గెడ్డ – వాగు’, ‘నాడె – నేత పరికరం’, ‘బుగత – జమీందారు’. ఇలా ఇస్తే ఆ మాట ఎరిగినవాళ్ళు నవ్వుకుంటారు, ఎరగనివాళ్ళకు చేతికి చిక్కేదేమీ ఉండదు. మాటను ఎలా పలకాలి, ఎవరు ఏ పనిలో వాడతారు, దాన్ని పోలిన ఇంకో మాట నుంచి దాన్ని ఎలా విడదీయాలి అన్నవి కూడా పక్కన ఉండాలి. అవి ఎలా ఇవ్వవచ్చో చెప్పడానికే ఈ ఉత్తరం.

తెలుగును రాసినట్టే చదువుతాం, ఇక ఉచ్చారణ చెప్పేదేముంది అంటారు చాలామంది. అందులో నిజం సగమే. మన లిపి కొన్నిటిని దాచేస్తుంది. ముందుగా చ, జ ల సంగతి చూడండి. ఒక్కోదానికి రెండేసి పలుకులున్నాయి. నాలుక వెడల్పుగా అంగిలికి తగిలితే తాలవ్యం. నాలుక కొన పై పళ్ళ వెనక తగిలితే దంత్యం. అచ్చ తెలుగు మాటల్లో అ, ఆ, ఉ, ఊ, ఒ, ఓ ల ముందు దంత్యం వస్తుంది: చలి, చాప, చుక్క, చోటు, జల్లు, జున్ను, జొన్న. ఇ, ఈ, ఎ, ఏ ల ముందు తాలవ్యం: చిలక, చీమ, చెట్టు, చేను, జిగురు. సంస్కృతం నుంచి ఉన్నదున్నట్టు వచ్చిన మాటల్లో ఏ అచ్చు ముందైనా తాలవ్యమే. అందుకే అన్నంలో పోసుకునే చారు దంత్యం, చారుశీలలోని చారు తాలవ్యం. తలకు వేసుకునే జడ దంత్యం, జడత్వంలోని జడ తాలవ్యం. పరుచుకునే చాప దంత్యం, విల్లు అనే అర్థమున్న చాపం తాలవ్యం. రాజు దంత్యం, రాజ్యం తాలవ్యం. కాగితం మీద ఈ జంటలన్నీ ఒకే అక్షరంతో కనిపిస్తాయి. బడిలో నేర్పకపోతే టీవీలో వార్తలు చదివేవాళ్ళు రెండింటినీ ఒకేలా లాగించేస్తారు.

ఈ తేడా చూపడానికే ౘ, ౙ అక్షరాలున్నాయి. యూనికోడ్‌లో 2008లో వచ్చిన 5.1 కూర్పు నుంచి వాటికి చోటుంది, కాబట్టి వెబ్‌సైట్‌లో పెట్టడానికి ఇబ్బంది లేదు. అచ్చుపేజీని పాత ఫాంటుతో కట్టేటప్పుడు అందులో ఆ అక్షరం లేకపోతే ఖాళీ డబ్బా పడుతుంది, ప్రూఫులో కన్ను తప్పితే ఆ డబ్బాయే అచ్చవుతుంది. అలాంటప్పుడు మామూలు చ, జ లే వేసి పక్కన చిన్నగా ‘దం.’ అని గుర్తు పెడితే చాలు. ‘త్సుక్క’ అని మాత్రం రాయవద్దు. చదివేవాళ్ళు త ను, స ను విడదీసి పలుకుతారు, అది అసలు పలుకుకు ఇంకా దూరం.

బండి ర అనే శకటరేఫం సంగతి వేరు. ఇవాళ్టి నోళ్ళలో ర కూ ఱ కూ పలుకులో తేడా మిగల్లేదు. కాని అర్థం తేల్చుకోవడానికి, పాత నిఘంటువులో మాట దొరకబుచ్చుకోవడానికి ఆ తేడా ఇంకా కావాలి. నీరు తాగేది, నీఱు బూడిద. వేరు చెట్టుది, వేఱు అంటే మరొకటి. ఊరు గ్రామం, ఊఱు అంటే స్రవించు. ఏరు అంటే నాగలి, ఏఱు అంటే నది. ఈ చివరి జంట దగ్గర జ్యేష్ఠ పున్నమి వచ్చినప్పుడల్లా పొరపాటు దొర్లుతుంది. ఏరువాక అంటే ఏళ్ళలో నీరు పారే వేళ అని రాసేస్తారు. దానికి తగ్గట్టు ‘వాక’కు కూడా వాగు అనే అర్థం ఉండడంతో ఆ వివరణ చదవడానికి ముచ్చటగానే ఉంటుంది. ఏరువాకలో ఉన్నది మామూలు ర. నాగలి కట్టి దున్నకం మొదలుపెట్టే పండగ అది, నదికి సంబంధం లేదు. మీరు పక్కన ‘ఏరు = నాగలి; ఏఱు = నది’ అని ఒక్క ముక్క వేసి ఉంటే ఆ గొడవే ఉండదు. టైపు చేయడం కష్టమనీ అనలేం. ఇన్‌స్క్రిప్ట్ కీబోర్డు పద్ధతిలో ర మీటను షిఫ్ట్‌తో కలిపి నొక్కితే ఱ పడుతుంది, సున్న మీటను షిఫ్ట్‌తో నొక్కితే అరసున్న పడుతుంది.

అరసున్న అంటే గుర్తొచ్చింది. దాన్ని రోజువారీ రాతలోకి తిరిగి తెమ్మని మేం అడగడం లేదు. ఆ రోజులు పోయాయి. కాని అరుదైన మాటల శీర్షికలో మాత్రం అది ఉండాలి. నాడు అంటే దేశం, నాఁడు అంటే రోజు. కాచు అంటే కాపాడు, కాఁచు అంటే వేడిచేయు. పోక అంటే వెళ్ళడం, పోఁక అంటే వక్క. దాక అంటే వంటకుండ, దాఁక అంటే వరకు.

మన జిల్లాల మాటల్లో వచ్చే చిక్కుకు ‘ఏటి’ని మించిన ఉదాహరణ లేదు. ‘ఏటి ఒడ్డు’లో ఏటి ఏఱు నుంచి వచ్చింది. ‘ఏటికేడు’లో ఏటి సంవత్సరం అనే అర్థమున్న ఏడు నుంచి వచ్చింది, పాత రాతలో అది అరసున్నతో ఏఁటి. ‘ఏటి సేస్తన్నావు?’లో ఏటి ‘ఏమిటి’కి శ్రీకాకుళం, విజయనగరం నోళ్ళలో ఉన్న రూపం. నిఘంటువు తీసి ‘ఏటి’ దగ్గర వేలు పెడితే మొదటి రెండే దొరికే అవకాశం ఎక్కువ. మూడోది కావాలంటే ముందు దాన్ని పుస్తకరూపంలోకి మార్చుకోవాలి. మీ శీర్షికకు ఉత్తరాలు రాసే కుర్రవాళ్ళు ‘నిఘంటువుల్లో మా మాటలే లేవు’ అని వాపోతున్నారు. చాలాసార్లు మాట ఉంటుంది, వాళ్ళు చూసే చోట ఉండదు.

మార్చుకునే తీరు కష్టమేమీ కాదు. మాట మొదట వి, వీ, వె, వే ఉంటే ఇక్కడి పలుకులో వ జారిపోతుంది. వేప ఏప అవుతుంది, వీధి ఈది, వెళ్ళు ఎల్లు. కాబట్టి ఏ దగ్గర దొరకనిది వే దగ్గర వెతకాలి. చె, చే లు సె, సే అవుతాయి: సెరువు, సెట్టు, సెప్పు. శ, ష కూడా స లోకే వస్తాయి. అంటే స తో మొదలైన మాట దొరక్కపోతే చ, శ, ష మూడూ చూడాలి. ళ, ణ లు ల, న అవుతాయి, ఖ, ధ లాంటి వాటి ఒత్తులు తేలిపోతాయి. ఇక పాత నిఘంటువుల వైపు నుంచి చూస్తే కొత్త క్రొత్త దగ్గర ఉంటుంది, పాత ప్రాత దగ్గర, కింద క్రింద దగ్గర, రాయు వ్రాయు దగ్గర. 1885లో వచ్చిన శబ్దరత్నాకరం చూసేవాళ్ళు మాట పక్కనుండే ‘దే.’, ‘సం.’, ‘వై.’ గుర్తులను దాటేయకూడదు. దేశ్యం, సంస్కృతం, వైకృతం అని వాటి భావం. దేశ్యం అంటే అచ్చ తెలుగు మాట, వైకృతం అంటే సంస్కృత ప్రాకృతాల నుంచి రూపం మారి వచ్చినది. చ, జ దంత్యమా తాలవ్యమా అని ఊహించడానికి ఆ గుర్తే మొదటి ఆధారం.

అయితే శబ్దరత్నాకరానికి గాని, 1936లో మొదటి సంపుటం వెలువడిన సూర్యరాయాంధ్ర నిఘంటువుకు గాని పునాది ముఖ్యంగా కావ్యాలు. మగ్గం గుంటలో కూర్చున్నవాళ్ళ మాట, చెరువు గట్టు మీద మాట అందులోకి అంతగా చేరలేదు. 1962లో వ్యవసాయ పదాలతో మొదలై తరువాత చేనేతకు వచ్చిన మాండలిక వృత్తిపదకోశం ఆ లోటు కొంత పూడ్చింది. భద్రిరాజు కృష్ణమూర్తి గారు నడిపిన పని అది. ఏ మాట ఏ ప్రాంతంలో వినబడిందో అందులో ఉంటుంది. మీ శీర్షిక నడవాల్సిన దారి అది.

ఇక అర్థం రాసే తీరుకు వద్దాం. గెడ్డకు ‘వాగు’ అని రాస్తే తప్పు కాదు, అసంపూర్ణం. కొండవాలు మీద పుట్టి, వానలకు ఉరికి, ఎండలకు సన్నగిల్లే సహజమైన పారుదల గెడ్డ. తవ్వితే కాలువ అవుతుంది, గెడ్డ కాదు. పలుకులో గె స్పష్టంగా ఎత్వమే. పాచిపెంట వైపు పెద్దగెడ్డ, జియ్యమ్మవలస వైపు వట్టిగెడ్డ జలాశయాల పేర్లలో ఉన్నది ఇదే. తెలియని చేయి దిద్దితే అది ‘పెద్దగడ్డ’ అవుతుంది. గడ్డ అంటే దుంపో, పుండో, నేలో ఏదైనా కావచ్చు, నీళ్ళు మాత్రం ఉండవు.

చెరువు గట్టులోంచి పొలానికి నీరు వదిలే తూమును ఇక్కడ మదుం అంటారు, బహువచనం మదుములు. ద తేలిక, ఒత్తి ‘మద్దుం’ అనకూడదు. దీనికి అర్థంగా ఒట్టి ‘తూము’ అని వేస్తే ఇంకో చిక్కు, ఎందుకంటే తూము కొలత కూడా. నాలుగు కుంచాలు ఒక తూము, ఇరవై తూములు ఒక పుట్టి. ‘తూము ధాన్యం’ అన్న వాక్యంలో మదుం పెట్టి చూడండి, ఏమవుతుందో. అర్థంగా ఇచ్చే మాటకే రెండర్థాలుంటే, ఏది కావాలో చెప్పే నాలుగు మాటలు పక్కన పడాలి: ‘చెరువు నీరు వదిలే తూము’. గరువు కూడా అంతే. ఇక్కడి రైతుకు అది మెట్టభూమి, పాత పద్యంలో పెద్దమనిషి.

సోంపేట వైపు బీల, తంపర భూములనేవి నీరు నిలిచే పల్లపు నేలలు. పేపర్లలో ఒక్కోసారి ‘బంజరు’ అని పడుతుంటుంది. అక్కడ వరి పండుతుంది, చేపలు పడతారు, పశువులు మేస్తాయి. ఒడియాలో బిల అంటే వరిపొలం. ఆ ఒక్క సంగతి రాస్తే బంజరు అన్న అర్థం దానంతటదే పక్కకు పోతుంది. బుగతను జమీందారు అనడం కూడా ఇలాంటిదే. ఊళ్ళో భూమి ఉండి, కంబారిని పెట్టుకుని సేద్యం చేయించే ఆసామి బుగత. కంబారి అంటే ఆ ఇంట్లో జీతానికి కుదిరిన పాలేరు. బుగత, కంబారి జంటమాటలు. ఒకటి ఇచ్చినప్పుడు రెండోదీ ఇవ్వండి. గుంట అంటే మిగతా ఆంధ్రకు గొయ్యి, మాకు ఆడపిల్ల, మగపిల్లవాడైతే గుంటడు. ‘గుంటలు బడికెల్లినారు’ అన్న వాక్యం ఒకటి వేస్తే వివరణే అక్కర్లేదు.

చేనేత మాటల దగ్గర కొంచెం ఎక్కువ శ్రద్ధ కావాలి, ఎందుకంటే అవన్నీ ఒకదాన్నొకటి పట్టుకుని ఉంటాయి. పొడుగునా సాగే నూలు పడుగు, అడ్డంగా పోయేది పేక. పేక నూలు చుట్టినది కండె. ఆ కండెను కడుపులో పెట్టుకుని పడుగు మధ్య నుంచి అటూ ఇటూ పరుగెత్తే, రెండు కొనలూ సన్నగా ఉండే పనిముట్టు నాడె. పడుగు పోగులను సరైన ఎడంలో నిలిపి, పడిన పేకను దగ్గరకు కొట్టేది అచ్చు. పడుగు సిద్ధం చేయడానికి నూలును చుట్టే చట్రం ఆసు. ‘ఆసులో కండెలా తిరుగుతున్నాడు’ అనే నానుడి ఇక్కడి నుంచి పుట్టిందే. నాడెకు ‘నేత పరికరం’ అంటే ఆసూ నేత పరికరమే, అచ్చూ నేత పరికరమే. పేకకు, అచ్చుకు నేతతో సంబంధం లేని అర్థాలు కూడా ఉన్నాయి. కాబట్టి మాట పక్కన ‘నేత’ అని వృత్తి పేరు తప్పకుండా ఉండాలి.

పొందూరు ఖాదీ మాటలు మగ్గానికి ముందే మొదలవుతాయి. పత్తిని వాలుగ చేప దవడ ఎముకతో దువ్వుతారు. దాని సన్నని పళ్ళకు చెత్త, నలుసు చిక్కి, పోగులు ఒక వరసకు వస్తాయి. గింజ తీసి, విల్లుతో ఏకి, దూదిని సన్నగా చుడితే ఏకు. ఏకులను అరటి డొప్పలో భద్రం చేసి, ఒక్కొక్కటే తీసి రాట్నం మీద వడుకుతారు. ఇక్కడ మూడుచోట్ల కాలు జారుతుంది. వాలుగను ‘వాలుగు’ అని రాస్తారు. ఏకు అంటే నూలు అనుకుంటారు, నిజానికి అది నూలు కాకముందు దశ. వడుకు, వడకు కలిపేస్తారు. నూలు వడుకుతాం, చలికి వడకుతాం. ‘ఏకై వచ్చి మేకై కూర్చున్నాడు’ అని రోజూ అనేవాళ్ళకు అందులో మెత్తని దూది చుట్ట ఒకటి, దిగగొట్టిన మేకు ఒకటి ఉన్నాయని తెలిస్తే ఆ తిట్టు ఇంకా రుచిగా ఉంటుంది.

సంస్కృతం మాటల గురించి ఎక్కువ రాయం, వాటికి నిఘంటువుల కొరత లేదు. కాని ఈ శీర్షికలోనే దొర్లినవి చెప్పక తప్పదు. ‘ఉచ్ఛారణ’ అని పడింది. ఉత్, చారణ కలిస్తే ఉచ్చారణే, ఒత్తు ఛ కు అక్కడ పని లేదు. ఉచ్ఛ్వాసంలో మాత్రం ఉంటుంది, అక్కడ కలిసేది శ్వాస కాబట్టి. ‘అర్ధాలు’ అంటే సగాలు, మీరివ్వాల్సినవి అర్థాలు. శ్రుతి, త్రుటి మాటల్లో ఉన్నది రు, ఋ కాదు. అనూచానంగాలో నూ దీర్ఘం. కింకర్తవ్యతావిమూఢత లాంటి పొడుగాటి మాటను కిం–కర్తవ్యతా–విమూఢత అని విరిచి చూపితే ఎవరైనా ఒక్క ఊపున చదువుతారు. చిహ్నం, మధ్యాహ్నం, జిహ్వ మాటల్లో పలికేటప్పుడు హ వెనక్కి పోయి చిన్హం, మధ్యాన్హం, జివ్హ అవుతుంది. పలుకుబడిని తప్పుపట్టం, రాతలో మాత్రం హ ముందుండాలి. అరసవల్లిలో రథసప్తమి వచ్చిందంటే ఊరంతా ‘రధసప్తమి’ ఫ్లెక్సీలే. సూర్యుడి రథానికి థ కావాలి.

ఊరి పేర్లను దిద్దే ఉత్సాహం కాస్త తగ్గించుకోవాలి. ఆమదాలవలసను ‘ఆముదాలవలస’ అని సరిచేస్తుంటారు. ఆమదం అనేది ఇక్కడి నోటి రూపం, ఊరి పేరు ఆ రూపంలోనే స్థిరపడింది. ఊరి పేర్ల చివరి వలస అంటే వేరే చోట నుంచి వచ్చినవాళ్ళు కట్టుకున్న పల్లె. పని కోసం ఊరు విడిచిపోవడం అనే నేటి అర్థం అక్కడ అతకదు. శ్రీకాకుళాన్ని ఇక్కడివాళ్ళు సికాకులం అనడం కూడా రాయదగ్గదే, ఇంగ్లీషువాళ్ళ చికాకోల్ పక్కన పెట్టి చూపితే మరీ మంచిది. నాగావళికి పాత పేరు లాంగుల్య. బలరాముడి నాగలితో ముడిపెట్టి ఆ నది కథ చెబుతారు, లాంగలం అంటే నాగలి. లాంగూలం అని రాస్తే మాత్రం తోక అవుతుంది. అందుకే ఆ కథ వేసేటప్పుడు ప్రూఫు రెండుసార్లు చూడండి.

మాటలు సేకరించి పంపే పాఠకులకు మీరు కొన్ని సూచనలు ఇస్తే మీకే పని తగ్గుతుంది. వస్తువును చూపించి పేరు అడగాలి. ‘దీన్ని నాడె అంటారా?’ అని మనమే అందిస్తే ఎదుటివాళ్ళు మర్యాదకు ఔననేస్తారు. ఒక్క మాటగా కాకుండా వాక్యంలో పలికించాలి. ఏకవచనం, బహువచనం, ‘లో’ చేర్చిన రూపం మూడూ అడిగితే మాట అసలు ఆకారం బయటపడుతుంది. చదువుకున్నవాళ్ళు ఎదురుగా ఉంటే చాలామంది పుస్తకభాషలోకి మారిపోతారు, అందుకే పనిలో ఉన్నప్పుడు వాళ్ళలో వాళ్ళు మాట్లాడుకునేది వినాలి. అదే పని చేసే ఇంకొకరిని, మొదటివారు లేనప్పుడు, మళ్ళీ అడగాలి. ఇద్దరూ వేరువేరుగా పలికితే రెండూ రాయాలి, మనకు నచ్చినది ఏరుకోకూడదు. శ్రీముఖలింగం దగ్గరి పర్వతాలపేటలో 1863లో పుట్టిన గిడుగు రామమూర్తి గారు సవరల నోటి మాట విని నేర్చుకుని, 1931లో సవర వ్యాకరణం, 1938లో సవర–ఇంగ్లీషు నిఘంటువు తెచ్చారు. ఆయన పుట్టిన ఆగస్టు 29ని తెలుగు భాషా దినోత్సవంగా జరుపుకుంటూ, పక్క ఊరి మాటను హైదరాబాదు బల్ల మీద కూర్చుని దిద్దడం బాగుండదు.

అచ్చులో చోటు తక్కువన్న సంగతి మాకూ తెలుసు. వారానికి పది మాటలు బదులు మూడు ఇవ్వండి. ఒక్కోదానికి నాలుగు వరసలు చాలు: నోటి రూపం, పుస్తకరూపం ఉంటే అది, దంత్యం లేదా బండి ర గుర్తు, వృత్తి, ప్రాంతం, అర్థం, విన్న వాక్యం. గుర్తుల పట్టిక ప్రతిసారీ అడుగున చిన్న అక్షరాల్లో ఉండాలి, మొదటి వారం వేసి మానేస్తే కొత్తగా చదివేవాళ్ళకు అంతుపట్టదు. పక్కన క్యూఆర్ కోడ్ పెట్టి పది సెకన్ల శబ్దం వినిపించగలిగితే ఇంకా మంచిది. ఆ గొంతు స్టూడియోలో చదివేవాళ్ళది కాకుండా, నాడెకు నేతవాళ్ళది, మదుంకు రైతుది అయ్యేలా చూడండి. వాక్యం మొత్తం వినిపించి, తరువాత మాటను మాత్రం ఒకసారి విడిగా వినిపించాలి. ఫ్యాను చప్పుడు, మగ్గం చప్పుడు మధ్య తీసిన రికార్డులో దంత్యమో తాలవ్యమో తేలదు, కాబట్టి ఫోనును నోటికి జానెడు దూరంలో పట్టుకుని, మగ్గం ఆపించి తీయమని మీ విలేకరులకు చెప్పండి.

ఇట్లు,
కొందరు తెలుగు ఉపాధ్యాయులు,
శ్రీకాకుళం